ఆట కొనసాగించాలా, ఆపాలా: అమెరికా హైస్కూలు క్రీడాకారుల ముందున్న నాలుగు ప్రశ్నల ముడి

అమెరికా హైస్కూళ్ళలో ఆటలాడే పిల్లలకు పదో తరగతి ముగిసిన వెంటనే వచ్చే జూన్ 15వ తేదీ ఒక గడప లాంటిది. చాలా క్రీడల్లో, కళాశాల క్రీడల మొదటి విభాగమైన డివిజన్ వన్ కళాశాలల కోచ్‌లు విద్యార్థికి నేరుగా ఫోన్ చేయడానికీ, సందేశం పంపడానికీ నిబంధనలు అనుమతించే మొదటి రోజు అది. ఆ రోజు కొందరి ఫోన్లు మోగుతాయి. ఎక్కువమంది ఫోన్లు మోగవు. మోగినవారికీ మోగనివారికీ కూడా అక్కడి నుంచే ఒక ప్రశ్న మొదలవుతుంది: ఏడెనిమిదేళ్ళ వయసు నుంచి ఆడుతున్న ఈ ఆటను కళాశాలలోనూ కొనసాగించాలా, హైస్కూలుతో ముగించాలా?

ఈ ప్రశ్న ఇప్పుడు అమెరికాలోని తెలుగు ఇళ్ళలోకీ వచ్చింది. టెన్నిస్, గోల్ఫ్, ఈత, ఫెన్సింగ్, సాకర్ పోటీల్లో మన పిల్లల పేర్లు కనబడుతున్నాయి. వారాంతాల్లో తల్లో తండ్రో గంటల తరబడి కారు నడిపి వారిని టోర్నమెంట్లకు తీసుకువెళ్తున్నారు. అయితే ఆ తల్లిదండ్రుల్లో చాలామంది, పదో తరగతి పరీక్షలు కాగానే బ్యాటును అటక మీద పెట్టి ఇంటర్‌లో ఎంపీసీకో బైపీసీకో వెళ్ళిన తరం. వారు ఎరిగిన లోకంలో ఆట అంటే చదువుకు అడ్డం, లేకపోతే ఇంజనీరింగ్ సీటుకు అక్కరకొచ్చే స్పోర్ట్స్ కోటా సర్టిఫికెట్. అమెరికా కళాశాల క్రీడ ఈ రెండింటిలో ఏదీ కాదు. కోటాలో సీటు వచ్చాక ఆడినా ఆడకపోయినా అడిగేవారు పెద్దగా ఉండరు. ఇక్కడ సీటు వచ్చాకే అసలు పని మొదలవుతుంది.

పైకి ఒకే ప్రశ్నగా కనబడేది నిజానికి నాలుగు ప్రశ్నల ముడి. ఏ స్థాయిలో ఆడగలరు, డబ్బు ఎంత కలిసివస్తుంది, కళాశాల ప్రవేశానికి ఎంత ఉపయోగం, ఆ నాలుగేళ్ళ రోజువారీ బతుకు ఎలా ఉంటుంది అన్నవి ఆ నాలుగు. మొదటి మూడింటి మీద ఇళ్ళలో ఎడతెగని చర్చ జరుగుతుంది. నాలుగోది, అంటే పిల్లలు నిజంగా బతకబోయే బతుకు, చివరిదాకా ఎవరి నోటా రాదు. నిర్ణయం తేలవలసింది అక్కడే అన్నది నా అభిప్రాయం. అక్కడికి చేరడానికి ముందు మిగిలిన మూడింటినీ విప్పుకోవాలి.

ఎవరు, ఏ స్థాయిలో

అమెరికా హైస్కూలు జట్లలో ఏటా నమోదయ్యే క్రీడాకారుల సంఖ్య 80 లక్షలు దాటుతుంది. రెండు ఆటలాడే విద్యార్థిని రెండుసార్లు లెక్కపెట్టే పద్ధతి కాబట్టి మనుషుల సంఖ్య అంతకన్నా తక్కువే. కళాశాల క్రీడలను నడిపే ప్రధాన సంస్థ ఎన్‌సీఏఏ. దానికింద ఉన్న సుమారు 1,100 విద్యాసంస్థల జట్లలో ఆడేవారు 5 లక్షల పైచిలుకు. ఆ సంస్థ చెప్పే లెక్క ప్రకారం, హైస్కూలు క్రీడాకారుల్లో దాని పరిధిలోని ఏదో ఒక జట్టుకు చేరేవారు సుమారు 7 శాతం, డివిజన్ వన్‌కు చేరేవారు సుమారు 2 శాతం. ఈ అంకెలు చూసి బెదిరిపోవడమూ తప్పే, వాటిని పక్కన పెట్టడమూ తప్పే. మిగిలిన 93 శాతం మందీ ప్రయత్నించి ఓడిపోయినవారు కారు. వారిలో చాలామంది కళాశాల క్రీడ వైపు చూడనే లేదు. పైగా అవకాశం ఆటను బట్టి మారుతుంది. డివిజన్ వన్ పురుషుల టెన్నిస్ జట్లలో సగానికి పైగా స్థానాలు విదేశాల నుంచి వచ్చిన ఆటగాళ్ళవే కాబట్టి, అమెరికాలో పెరిగిన పిల్లవాడి పోటీ తన రాష్ట్రంతోనో దేశంతోనో కాదు, స్పెయిన్‌లోనో చెక్ రిపబ్లిక్‌లోనో పెరిగిన మరొక పిల్లవాడితో.

ఎన్‌సీఏఏ 1973లో తన సభ్య సంస్థలను మూడు డివిజన్లుగా విడదీసింది. డివిజన్ వన్, డివిజన్ టూ కళాశాలలు క్రీడా స్కాలర్‌షిప్‌లు ఇవ్వవచ్చు. డివిజన్ త్రీ కళాశాలలు ఇవ్వకూడదు. హార్వర్డ్ వంటి పేరున్న విశ్వవిద్యాలయాల బృందమైన ఐవీ లీగ్ డివిజన్ వన్‌లోనే ఉన్నా, అందులోని ఎనిమిది విశ్వవిద్యాలయాలు క్రీడా స్కాలర్‌షిప్‌లు ఇవ్వకూడదని తమలో తాము పెట్టుకున్న ఒప్పందాన్ని దశాబ్దాలుగా పాటిస్తున్నాయి. ఈ మూడు అంకెలను రైలు పెట్టెల తరగతుల్లా చదవడం మన వాళ్ళు తరచుగా చేసే పొరపాటు. డివిజన్ త్రీ అంటే మూడో రకం అని అర్థం కాదు. ఎంఐటీ, యూనివర్సిటీ ఆఫ్ షికాగో, ఎమరీ, కార్నెగీ మెలన్, విలియమ్స్, ఆమ్‌హర్స్ట్ జట్లు ఆడేది ఆ డివిజన్‌లోనే. టెన్నిస్, ఈత వంటి ఆటల్లో డివిజన్ త్రీ అగ్రశ్రేణి జట్టు డివిజన్ వన్‌లో కింది వరుస జట్టును ఓడించగలదు. పేరున్న పెద్ద విశ్వవిద్యాలయం జట్టులో ఆడే అవకాశం రాక బల్ల మీద కూర్చోవడానికీ, చిన్న కళాశాలలో ప్రతి మ్యాచ్ ఆడడానికీ మధ్య ఎంచుకోవలసివచ్చినప్పుడు ఏది ఎక్కువ అన్నది ఆ విద్యార్థి స్వభావం చెప్పాలి గాని డివిజన్ అంకె చెప్పలేదు.

తెలుగు కుటుంబాలు ప్రత్యేకంగా తెలుసుకోవలసిన సంగతి ఒకటుంది. మనకు ప్రాణమైన బ్యాడ్మింటన్‌కు గాని, క్రికెట్‌కు గాని ఎన్‌సీఏఏ చాంపియన్‌షిప్ లేదు. వాటికి విద్యార్థులు నడుపుకునే క్లబ్బులుంటాయి, టోర్నమెంట్లూ జరుగుతాయి. అయితే కోచ్ ఎంపిక చేసి ప్రవేశాల కార్యాలయానికి పేరు పంపే పద్ధతి ఆ ఆటలకు వర్తించదు. పిల్ల పదేళ్ళుగా బ్యాడ్మింటన్ ఆడుతున్నదంటే ఆ శ్రమకు విలువ లేదని కాదు. దాని విలువను కళాశాల జట్టు అనే కొలబద్దతో కొలవకూడదు.

డబ్బు లెక్క

స్కాలర్‌షిప్ అనగానే మన మనసులో మెదిలేది మొత్తం ఖర్చు భరించే ఏర్పాటు. ఎక్కువ ఆటల్లో అది ఎన్నడూ అలా లేదు. నిన్నమొన్నటి వరకూ డివిజన్ వన్ పురుషుల టెన్నిస్ జట్టుకు ఉన్న పరిమితి 4.5 స్కాలర్‌షిప్‌లు. వాటిని ఎనిమిది, పది మంది ఆటగాళ్ళకు ముక్కలు చేసి పంచేవారు. బేస్‌బాల్‌లో 11.7 స్కాలర్‌షిప్‌లను దాదాపు మొత్తం జట్టుకు సర్దేవారు. అందరికీ పూర్తి స్కాలర్‌షిప్ దక్కేది అమెరికన్ ఫుట్‌బాల్ పై స్థాయి, బాస్కెట్‌బాల్, మహిళల టెన్నిస్, వాలీబాల్, జిమ్నాస్టిక్స్ వంటి కొద్ది ఆటల్లోనే. మహిళల టెన్నిస్ జట్టుకు 8 పూర్తి స్కాలర్‌షిప్‌లు ఉండడం వెనుక, విద్యలో స్త్రీపురుష వివక్ష కూడదన్న 1972 నాటి టైటిల్ నైన్ చట్టం ఉంది. ఫుట్‌బాల్ జట్టు మగపిల్లలకు మింగేసే స్కాలర్‌షిప్‌లకు సరితూగేలా ఇతర ఆటల్లో ఆడపిల్లలకు ఎక్కువ కేటాయించేవారు.

2025లో ఈ లెక్క మారింది. హౌస్ వర్సెస్ ఎన్‌సీఏఏ అనే వ్యాజ్యంలో కుదిరిన రాజీని న్యాయమూర్తి క్లాడియా విల్కెన్ ఆ ఏడాది జూన్ 6న ఆమోదించారు. గతంలో ఆడినవారికి సుమారు 280 కోట్ల డాలర్ల పరిహారం చెల్లించడంతో పాటు, జులై 1 నుంచి విశ్వవిద్యాలయాలు తమ ఆటగాళ్ళకు నేరుగా డబ్బు చెల్లించవచ్చని ఆ రాజీ అనుమతించింది. మొదటి ఏడాదికి ఒక్కో విశ్వవిద్యాలయానికి పరిమితి సుమారు 2.05 కోట్ల డాలర్లు. ఆ డబ్బులో సింహభాగం ఫుట్‌బాల్‌కూ పురుషుల బాస్కెట్‌బాల్‌కూ పోతుంది కాబట్టి టెన్నిస్ ఆడే మన అమ్మాయికి అది పెద్దగా అందదు. ఆమెకు తగిలే మార్పు మరొకటి. రాజీలో చేరిన విశ్వవిద్యాలయాలకు స్కాలర్‌షిప్‌ల సంఖ్య మీద పరిమితి తొలగిపోయి, దాని స్థానంలో జట్టులో ఎందరుండవచ్చు అన్న పరిమితి వచ్చింది. టెన్నిస్‌లో 10 మంది, బేస్‌బాల్‌లో 34 మంది, ఫుట్‌బాల్‌లో 105 మంది. నిబంధనల దృష్టిలో ఇప్పుడు ఆ పదిమందికీ పూర్తి స్కాలర్‌షిప్ ఇవ్వవచ్చు. ఇవ్వాలా వద్దా అన్నది ఆ విశ్వవిద్యాలయం జేబును బట్టి ఉంటుంది. స్కాలర్‌షిప్ లేకుండానే జట్టులో చేరి, కష్టపడి స్థానం సంపాదించుకునే వాక్-ఆన్ ఆటగాళ్ళకు మాత్రం తలుపు ఇరుకైంది. ముందు జట్టులో చేరితే చాలు, తరువాత చూసుకుందాం అనుకునే పిల్లలు ఈ మార్పును తప్పకుండా లెక్కలోకి తీసుకోవాలి.

డబ్బు పాయసంలో ఉప్పురాయి లాంటి లెక్క ఒకటుంది. ఊహకు ఒక ఉదాహరణ తీసుకుందాం. ఏడాదికి 80,000 డాలర్ల ఖర్చయ్యే ప్రైవేటు కళాశాల 25 శాతం స్కాలర్‌షిప్ ఇస్తానంటే కుటుంబం కట్టవలసింది 60,000. సొంత రాష్ట్రపు ప్రభుత్వ విశ్వవిద్యాలయంలో ఏ స్కాలర్‌షిప్ లేకుండా మొత్తం ఖర్చు 30,000 అనుకుంటే, ఆ స్కాలర్‌షిప్ ఏడాదికి 30,000 డాలర్ల అదనపు ఖర్చు తెచ్చినట్టు. స్కాలర్‌షిప్ వచ్చిందని బంధువులకు చెప్పుకోవడంలోని సంతోషం ఈ తీసివేతను కప్పేస్తుంది. ఐవీ లీగ్‌లోనూ డివిజన్ త్రీలోనూ ఆటకు డబ్బు లేదు. ఐవీ లీగ్ ఇచ్చేది ఆదాయాన్ని బట్టి అందే సాయం ఒక్కటే, డివిజన్ త్రీలో దానితో పాటు కొన్నిచోట్ల చదువుకు ఇచ్చే సాయమూ ఉంటుంది. భార్యాభర్తలిద్దరూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగాల్లో ఉన్న ఇంటికి ఆదాయం ఆధారంగా వచ్చే సాయం చాలాసార్లు సున్నా. కోచింగ్‌కూ ప్రయాణాలకూ పదేళ్ళు పెట్టిన ఖర్చు స్కాలర్‌షిప్ రూపంలో తిరిగి వస్తుందన్న ఆశ మీద ఈ నిర్ణయాన్ని నిలబెట్టకూడదు. ఆ డబ్బు బాల్యానికి పెట్టిన ఖర్చు, అది అప్పుడే తీరిపోయింది.

వీసా మీద ఉన్న కుటుంబాలకు ఇంకొక మెలిక ఉంది. 2021 జులై 1 నుంచి కళాశాల ఆటగాళ్ళు తమ పేరు, రూపం, గుర్తింపు ఆధారంగా ప్రకటనల ద్వారా సంపాదించుకోవచ్చు. కాని ఎఫ్-1 విద్యార్థి వీసా మీద పని చేసి సంపాదించే హక్కు బాగా పరిమితం. తల్లిదండ్రుల ఉద్యోగ వీసాకు అనుబంధంగా వచ్చే హెచ్-4 మీద ఉన్న పిల్లలకు పని చేసే అనుమతి ఉండదు, 21 ఏళ్ళు నిండగానే ఆ హోదా కూడా పోతుంది. స్కాలర్‌షిప్ తీసుకోవడానికి అభ్యంతరం లేదు. ప్రకటన ఒప్పందం మీద గాని, విశ్వవిద్యాలయం నేరుగా ఇచ్చే వాటా మీద గాని వలస చట్టం తెలిసిన న్యాయవాదిని అడగకుండా సంతకం చేయడం మాత్రం ప్రమాదం.

ప్రవేశం అనే అసలు ఆకర్షణ

డబ్బు ఇంత సన్నగా ఉన్నప్పుడు ఇన్ని కుటుంబాలు దీని వెంట ఎందుకు పడుతున్నాయి? జవాబు ప్రవేశాల్లో ఉంది. హార్వర్డ్ ప్రవేశాల మీద నడిచిన దావాలో బయటపడిన వివరాల ప్రకారం, కోచ్‌లు ఎంపిక చేసిన క్రీడాకారుల్లో సుమారు 86 శాతం మందికి ప్రవేశం దొరికింది. సాధారణ దరఖాస్తుదారులకు ఆ అవకాశం పదిలో ఒకవంతు కూడా లేదు. ఆ 86 శాతానికి వెనుక, ముందే చదువుల రికార్డు పరీక్షించి పనికిరారన్నవారిని కోచ్‌లే వదిలేయడం అన్న వడపోత ఉందని గుర్తుంచుకోవాలి. అయినా అంతరం అంతరమే. 2019 మార్చిలో బయటపడిన ప్రవేశాల కుంభకోణంలో సంపన్నులు కోచ్‌లకు లంచాలిచ్చి, ఆట రాని పిల్లలను సైతం ఆటగాళ్ళుగా నమోదు చేయించారంటే కోచ్ జాబితాలోని ఒక్క స్థానానికి ఉన్న విలువ ఎంతో అర్థమవుతుంది.

పని జరిగే తీరు ఇది. పదకొండో తరగతి ముగిసిన వేసవిలో ఐవీ లీగ్ కోచ్‌లూ డివిజన్ త్రీ కోచ్‌లూ తమకు నచ్చిన విద్యార్థుల మార్కుల పత్రాలను ప్రవేశాల కార్యాలయానికి పంపి ముందస్తు పరిశీలన చేయిస్తారు. అనుకూలమైన సూచన వస్తే కోచ్ తన పరిమితమైన స్థానాల్లో ఒకటి ఆ విద్యార్థికి ఇస్తానంటాడు, బదులుగా చాలాచోట్ల నవంబరులో ఎర్లీ డెసిషన్ కింద దరఖాస్తు చేయమంటాడు. సీటు వస్తే చేరి తీరతానని కట్టుబడే పద్ధతి అది. అందుకే సాయం ఎంత వస్తుందో, కుటుంబం ఎంత కట్టాలో అంచనా రాకుండా అక్కడ సంతకం పెట్టకూడదు. కోచ్ నోటి మాట ఒప్పందం కాదన్నది కూడా గుర్తుండాలి. ఫలానా కళాశాలలో చేరతానని విద్యార్థి సంతకం చేసే, 1964 నుంచి ఉన్న జాతీయ అంగీకార పత్రం (నేషనల్ లెటర్ ఆఫ్ ఇంటెంట్) పద్ధతిని 2024 అక్టోబరులో రద్దు చేశారు. ఇప్పుడు స్కాలర్‌షిప్ ఇచ్చే చోట్ల రాతపూర్వకమైన ఆర్థిక సహాయ ఒప్పందమే ఆధారం.

ఇక్కడ ఒక సున్నితమైన ప్రశ్న తరచుగా చాటుగా వినబడుతుంది: ఆట పేరుతో సీటు సంపాదించి, చేరిన ఏడాదికే మానేస్తే? ఐవీ లీగ్‌లోనూ డివిజన్ త్రీలోనూ మానేసినందుకు సీటు పోదు, సాయమూ ఆగదు. నియమం అనుమతించేది అంతవరకూ. కాని మొదటి నుంచీ మానేయాలన్న ఉద్దేశంతోనే చేరడం, అదే స్థానం కోసం మనస్ఫూర్తిగా ఎదురుచూసిన మరొక పిల్లకు అన్యాయం. దాన్ని తెలివి అనడానికి నాకు మనసొప్పదు. చేరి, నిజాయితీగా ప్రయత్నించి, ఇది తనవల్ల కాదని తెలుసుకుని మానేయడం పూర్తిగా వేరు. అందులో సిగ్గుపడవలసింది ఏమీ లేదు.

రోజు ఎలా గడుస్తుంది

ఎన్‌సీఏఏ 1991 నుంచి అమలు చేస్తున్న నిబంధన ప్రకారం సీజన్‌లో ఆటకు వారానికి 20 గంటలు, రోజుకు 4 గంటలు మించకూడదు, వారంలో ఒక రోజు సెలవు ఉండాలి. కాగితం మీద అది సగం ఉద్యోగమంత. అయితే ఆ 20 గంటల్లోకి ఏవి రావో చూడాలి. ప్రయాణం రాదు. గాయాలకు చికిత్స రాదు. స్వచ్ఛందం అని పేరు పెట్టిన కసరత్తు రాదు, జట్టులో అందరూ వస్తున్నప్పుడు ఒక్కరు మానలేని స్వచ్ఛందం అది. పోటీ జరిగిన రోజు ఎన్ని గంటలు పట్టినా లెక్కలో 3 గంటలే. ఉదయం పది గంటలకు మొదలై సాయంత్రం దాకా సాగే గోల్ఫ్ రోజు కూడా మూడే. అందుకే డివిజన్ వన్ ఆటగాళ్ళను అడిగి ఎన్‌సీఏఏ స్వయంగా చేయించిన సర్వేల్లో, ఆటకు వెచ్చించే సమయం వారానికి 30 గంటలు దాటుతున్నట్టు తేలింది.

ఈ గంటలు చదువు మీద పడే తీరు అన్ని కోర్సుల్లోనూ ఒకటి కాదు. డివిజన్ వన్ ఆటగాళ్ళలో పట్టా పుచ్చుకునేవారి శాతం, ఎన్‌సీఏఏ కొలిచే పద్ధతిలో, 90 దరిదాపుల్లో ఉంది కాబట్టి ఆటగాళ్ళు చదువులో వెనకబడతారన్న మాట నిలవదు. అసలు ఇబ్బంది ఏ చదువు అన్న దగ్గర వస్తుంది. రసాయనశాస్త్రం ల్యాబ్ మధ్యాహ్నం రెండు నుంచి ఐదు వరకూ ఉంటుంది, సాధన మూడింటికి మొదలవుతుంది. వసంతకాలపు ఆటలకు గురువారం బయలుదేరితే శుక్రవారం పరీక్షను విమానాశ్రయంలో కూర్చుని చదువుకోవాలి. వైద్యవిద్యకు దరఖాస్తు చేయదలచిన విద్యార్థికి పరిశోధన గంటలు, ఆసుపత్రిలో సేవా గంటలు కావాలి. ఇంజనీరింగ్ విద్యార్థికి వేసవి ఇంటర్న్‌షిప్ కావాలి, కోచ్ మాత్రం వేసవిలో ఆమె క్యాంపస్‌లో ఉండి శిక్షణ పొందాలంటాడు. నెగ్గుకొచ్చేవారు ఉన్నారు. అలా నెగ్గుకొచ్చినవారి పేర్లే మనం వింటాం; రెండో ఏడాదిలో మెదలకుండా మేజర్ (ప్రధాన పాఠ్యాంశం) మార్చుకున్నవారి పేర్లు వినం. డివిజన్ త్రీలో సీజన్లు కొంత కురచ, ప్రయాణాలు దగ్గర, ల్యాబ్ కోసం సాధన తప్పినా పెద్ద గొడవ ఉండని జట్లు అక్కడ ఎక్కువ. డాక్టరు కావాలని గట్టిగా అనుకుంటూ ఆటనూ వదులుకోలేని పిల్లలకు నేను ముందుగా చూడమనేది ఆ వైపే.

శరీరం సంగతి కూడా రోజులో భాగమే. ఒక్క ఆటకే అంకితమయ్యే నిర్ణయాన్ని 15, 16 ఏళ్ళ వరకూ వాయిదా వేయాలని అమెరికా శిశువైద్యుల అకాడమీ 2016లో సూచించింది, ఏడాదిలో మొత్తం మూడు నెలలైనా ఆ ఆటకు విరామం ఇవ్వమంది. మన పిల్లల్లో చాలామంది తొమ్మిదేళ్ళకే ఆ గీత దాటారు. పదిహేడేళ్ళకు భుజంలోనో నడుములోనో నొప్పి దాచుకుంటున్న పిల్ల ఇంకో నాలుగేళ్ళు ఆడాలా అన్నది కోచ్‌నో తండ్రినో అడగవలసిన ప్రశ్న కాదు. ఆర్థోపెడిక్ వైద్యుడు, ఆ పిల్ల కలిసి తేల్చుకోవలసింది. గాయమైతే డివిజన్ వన్‌లో స్కాలర్‌షిప్ తీసేయకూడదన్న రక్షణ 2024 ఆగస్టు నుంచి అందరికీ వర్తిస్తోంది, ఆటలో తగిలిన గాయానికి కళాశాల వదిలాక కూడా రెండేళ్ళు వైద్య ఖర్చు భరించాలన్న నియమమూ వచ్చింది. ఇవి నిజమైన మేళ్ళు. కాని జట్టులో స్థానాన్ని, కోచ్ ఆదరాన్ని ఏ నియమమూ కాపాడలేదు. జట్టే మాయమైపోవడం కూడా ఉంది: 2020 జులైలో స్టాన్‌ఫర్డ్ తన 36 ఆటల్లో 11 ఆపేస్తున్నట్టు ప్రకటించింది. విద్యార్థులు, పూర్వవిద్యార్థులు గట్టిగా పోరాడాక 2021 మేలో ఆ నిర్ణయాన్ని ఉపసంహరించుకుంది. అంతటి సంపన్న సంస్థలోనే అలా జరిగిందంటే ఆదాయం తేని ఆటలు ఎక్కడైనా గాలిలో దీపాలే.

అందుకే రిక్రూటింగ్ తెలిసినవారు పిల్లలను అడిగే పాత ప్రశ్న ఒకటుంది: చేరిన మొదటి వారంలో కాలు విరిగి ఇక ఆడలేకపోతే, అప్పుడు కూడా ఈ కళాశాలలోనే ఉంటావా? ఇది మంచి ప్రశ్నే, కాని సగం ప్రశ్న. కాలు విరగకపోతే, నాలుగేళ్ళూ ఆరోగ్యంగా ఉండి ప్రతి ఉదయం ఐదున్నరకు లేవవలసివస్తే, ఆ లేవడం ఇష్టమేనా? మిగిలిన సగం అది. హైస్కూలులో ఈ లేపడం అమ్మ చేస్తుంది. కళాశాలలో ఎవరూ చేయరు.

ఆపడం అనే మాట

మన పిల్లల్లో శిఖరానికి చేరినవారి కథలు ఇళ్ళలో ఒత్తిడిగా మారుతుంటాయి కాబట్టి వాటిని సరిగ్గా చదవడం అవసరం. నెల్లూరు మూలాలున్న నిశేష్ బసవారెడ్డి ఇండియానాలో పెరిగి, స్టాన్‌ఫర్డ్ తరఫున రెండు సీజన్లు ఆడి, 2024 డిసెంబరులో ప్రొఫెషనల్‌గా మారాడు; మరుసటి నెలలో ఆస్ట్రేలియన్ ఓపెన్ తొలి రౌండులో జొకోవిచ్ మీద మొదటి సెట్ గెలిచాడు. హైదరాబాద్ నుంచి వలస వెళ్ళిన కుటుంబంలో పుట్టిన సాహిత్ తీగల పెప్పర్‌డైన్ తరఫున గోల్ఫ్ ఆడాడు, మణికట్టు శస్త్రచికిత్స వల్ల 2018-19 సీజన్ మొత్తం వదులుకున్నాడు, 2020లో కళాశాల గోల్ఫ్‌లోని మూడు ప్రధాన పురస్కారాలూ అందుకున్నాడు, 2023లో మొదటి పీజీఏ టూర్ టైటిల్ గెలిచాడు. ఇటు ఉయ్యూరులో పుట్టిన సాకేత్ మైనేని అలబామా విశ్వవిద్యాలయం జట్టులో ఆడాక, 2014 ఆసియా క్రీడల్లో సానియా మీర్జాతో కలిసి మిక్స్‌డ్ డబుల్స్ స్వర్ణం సాధించాడు. కళాశాలను పూర్తిగా దాటవేసిన ఉదాహరణ కూడా ఉంది: అక్షయ్ భాటియా 17 ఏళ్ళకే, 2019లో, ప్రొఫెషనల్ గోల్ఫర్ అయ్యాడు. నలుగురిలో ఒకరు మధ్యలో కళాశాల వదిలారు, ఒకరు గాయంతో ఏడాది ఆగారు, ఒకరు కళాశాలకే పోలేదు. అందరికీ ఒకే దారి అన్నది ఆ శిఖరం మీద కూడా లేదు. ఇక వీరు అసాధారణులు. మన ఇంట్లోని పిల్లల నిర్ణయానికి వీరి జీవితాలు కొలత కావు.

సాధారణ విద్యార్థికి ఆపడం కష్టమయ్యేది భవిష్యత్తు మీద ఆశ వల్ల అంతగా కాదు, గతం బరువు వల్ల. పెట్టిన డబ్బు, వదులుకున్న పండుగలు, నాన్న కారులో గడిపిన వేల మైళ్ళు కలిసి ఒక రుణంలా పిల్లల మీద కూర్చుంటాయి. ఆట ఇష్టం తగ్గిపోయిందని పదిహేడేళ్ళ పిల్ల నోరు విప్పలేకపోవడానికి కారణం చాలాసార్లు అదే. ఇంట్లో ఎవరూ ఆ రుణం అడగకపోయినా, ఆ రుణం లేదని ఎవరో ఒకరు నోటితో చెప్పేదాకా ఆమె అది ఉన్నట్టే బతుకుతుంది. తల్లిదండ్రులు ఈ నిర్ణయంలో చేయగల అతి పెద్ద సాయం ఆ మాట స్పష్టంగా, పదకొండో తరగతి మొదలు కాకముందే చెప్పడం. ఎందుకంటే పన్నెండో తరగతిలో చెబితే అప్పటికే కోచ్‌కు మాట ఇచ్చేసి ఉంటారు.

అలసటకూ ఇష్టం చచ్చిపోవడానికీ తేడా తెలుసుకోవడం అంత సులభం కాదు. నాకు తెలిసిన పద్ధతి ఒక్కటే: సీజన్ అయ్యాక ఆరు వారాలు పూర్తిగా ఆపి చూడడం. ఆ ఆరు వారాల్లో ఎవరూ చెప్పకుండా రాకెట్ తీసుకుని గోడకు బంతి కొట్టుకునే పిల్లకు ఆట మీద ప్రేమ ఉంది, వేళాపాళల మీద విసుగుంది. ర్యాంకింగ్ పడిపోతుందని బెంగపడుతూ కూడా రాకెట్ ముట్టుకోని పిల్లకు ఆట మిగల్లేదు, ర్యాంకింగ్ ఒక్కటే మిగిలింది. మొదటి పిల్లకు తగిన జట్టు వెతకాలి. రెండో పిల్లను వదిలిపెట్టాలి.

జట్టు వదిలినంత మాత్రాన ఆట పోదు. దాదాపు ప్రతి పెద్ద విశ్వవిద్యాలయంలో క్లబ్ జట్లున్నాయి, అవి వారానికి రెండు మూడు సార్లు సాధన చేస్తాయి, ఇతర విశ్వవిద్యాలయాలతో పోటీలు ఆడతాయి. పరీక్ష ఉంటే రానక్కర్లేదు. పన్నెండేళ్ళు వరుసగా ఆడినవారికి అక్కడ తొలిసారి ఆట మళ్ళీ ఆటలా అనిపించడం కద్దు. ఆపాలని నిర్ణయించుకున్నవారు తమకు ఫోన్ చేసిన ప్రతి కోచ్‌కూ రెండు వాక్యాల ఈమెయిల్ స్వయంగా రాయాలి, తల్లిదండ్రుల చేత రాయించకూడదు. ఆ కోచ్ దగ్గర ఖాళీ అయిన స్థానం కోసం మరొకరు ఎదురుచూస్తుంటారు.

కొనసాగించాలనుకునేవారు కళాశాల చూడడానికి వెళ్ళే ముందు చేయగల పని ఒకటుంది, దానికి డబ్బు ఖర్చు కాదు. ప్రతి జట్టు తన ఆటగాళ్ళ జాబితాను ఏడాదివారీగా బహిరంగంగా ఉంచుతుంది. మూడేళ్ళ క్రితం జాబితా తెరిచి, ఆ ఏడాది మొదటి సంవత్సరంలో చేరినవారి పేర్లు ఒక కాగితం మీద రాయండి. తరువాత ఈ ఏడాది జాబితా తెరిచి, నాలుగో సంవత్సరం ఆటగాళ్ళలో ఆ పేర్లు ఎన్ని మిగిలాయో లెక్కపెట్టండి. ఆరుగురు చేరి ఐదుగురు మిగిలితే ఒక రకం, ఇద్దరే మిగిలితే ఇంకొక రకం. కళాశాలకు వెళ్ళినప్పుడు కోచ్ లేని సమయం చూసి, తక్కిన నలుగురూ ఎందుకు వెళ్ళిపోయారని ఆ ఇద్దరినీ మీ పిల్లల చేతే అడిగించండి, వారు చెప్పే జవాబు కన్నా ముందు వారు ఒకరి ముఖం ఒకరు చూసుకునే తీరును గమనించమనండి.